70 ఎకరాల దీవి, 26 పిట్టలు

మీరు అడిగినవి మూడు ప్రశ్నలు. జులైలో హిందూ మహాసముద్రంలోని సెషెల్స్ దీవులకి వెళ్తున్నాం, అక్కడి ప్రాలిన్ దీవిలో ఉండే నాలుగు రోజుల్లో ఒక పూట కజిన్ దీవికి పెట్టడం దండగ కాదు కదా? ఊరి చెరువంత దీవి ఒక పక్షిజాతిని ఎలా బతికించింది? అదే పని మన కడప అడవుల కలివికోడి పిట్టకి ఎందుకు చేయరు? మొదటిదానికి ఒక్క ముక్కలో చెప్పేస్తాను: వెళ్ళండి. మీ అబ్బాయికి పక్షుల పిచ్చి అన్నారు కాబట్టి అసలు ఆలోచించకండి. మిగతా రెండిటికీ కాస్త తీరిగ్గా చెప్పాలి.

ముందు నా సంగతి. నేను పక్షిశాస్త్రం చదువుకున్నవాణ్ణి కాదు. ప్రాలిన్‌లో ఒక నిర్మాణ కంపెనీ స్టోర్స్‌లో ఆరేళ్ళు పనిచేశాను. పడవల్లో దిగే సిమెంటు బస్తాలు, పైపులు, టైల్స్ పెట్టెలు లెక్కపెట్టి రాసుకునే ఉద్యోగం. ఆ ఆరేళ్ళలో కజిన్‌కి పదకొండుసార్లు వెళ్ళాను. ఎందుకు పదకొండే అంటే, శని ఆదివారాలు ఆ దీవి మూసేస్తారు. వారం మధ్యలో సెలవు అడిగితే నవ్వుతూ ఇచ్చే మేనేజరు నాకైతే ఎక్కడా తగల్లేదు.

కజిన్ ప్రాలిన్‌కి పడమర దిక్కున రెండు కిలోమీటర్ల దూరంలో ఉంటుంది. విస్తీర్ణం దాదాపు 70 ఎకరాలు. మధ్యలో 69 మీటర్ల నల్లరాతి గుట్ట, చుట్టూ చదునైన అడవి, ఒక పక్క తెల్లటి ఇసుక. పక్కనే కుజీన్ అని ఇంకో దీవి ఉంది, అది ప్రైవేటు రిసార్టు. బుక్ చేసేటప్పుడు పేరు రెండుసార్లు చూసుకోండి, మావాళ్ళు ఒకరిద్దరు తికమకపడ్డారు.

అక్కడ రేవు లేదు. కావాలనే కట్టలేదు. మీరు ప్రాలిన్ నుంచి వెళ్ళిన పడవ ఒడ్డుకి కాస్త దూరంలోనే ఆగిపోతుంది. దీవికి సొంత పడవ ఒకటుంది, అది వచ్చి మిమ్మల్ని ఎక్కించుకుంటుంది. సంచులు పైకెత్తి ఒక పడవలోంచి ఇంకో పడవలోకి దూకాలి. తర్వాత నడిపేవాడు అలల వరస చూస్తూ కాసేపు ఊరుకుంటాడు. సరైన అల రాగానే "పట్టుకోండి" అని అరిచి ఇంజను పూర్తిగా తిప్పి పడవని నేరుగా ఇసుకలోకి కొట్టేస్తాడు. మొదటిసారి నేను ప్రమాదం జరుగుతోందనే అనుకున్నాను. పడవ జర్రున ఇసుక మీదకి ఎక్కి ఒరిగి ఆగింది. నా పక్కన కూర్చున్న పెద్దావిడ చేతిలో చెప్పు ఒకటే మిగిలింది.

ఈ తతంగం అంతా ఎలుక కోసం. మీ రెండో ప్రశ్నకి జవాబులో సగం ఇదే. కజిన్‌లో ఎలుకలు లేవు, ఎప్పుడూ లేవు. సెషెల్స్‌లో మనుషులు కాపురం పెట్టిన పెద్ద దీవులన్నిటికీ ఓడల్లో ఎలుకలు దిగాయి, వాటి వెనకే పిల్లులు. అక్కడి పిట్టలు లక్షల ఏళ్ళుగా ఎలుకా పిల్లీ లాంటి శత్రువంటే ఏమిటో తెలియకుండా పెరిగినవి. గుడ్డు తినడానికి చెట్టెక్కి వచ్చే ఎలుక ఒకటుంటుందని వాటికి తెలియదు. బయటి పడవ ఒడ్డుకి తగిలితే, అందులో ఏ సంచి కిందో ఒక చూలు ఎలుక ఉంటే, అంతే. అందుకే దీవి పడవ ఒక్కటే ఇసుకని తాకుతుంది.

నా మొదటి ప్రయాణంలో గైడు నా బ్యాగు చూసి ఆగమన్నాడు. పక్క జేబులో వేరుశెనగకాయల పొట్లం. ముందురోజు అదే బ్యాగు మా గోడౌన్లో టైల్స్ పెట్టెల మీద పడేసి ఉంది. పొట్లం కిందనుంచి చీమలు వరసకట్టి ఉన్నాయి. ఆయన ఏమీ అనలేదు, పొట్లం తీసి పడవలోనే ఉన్న డబ్బాలో వేసి మూత బిగించి, బ్యాగుని నీళ్ళ మీదకి వంచి దులిపాడు. జిప్పులో ఇరుక్కున్న గడ్డిగింజలు వేలితో ఏరాడు. సరుకుల లెక్క తప్పితే జీతంలో కోసే చోట పనిచేసేవాణ్ణి నేను, నాకు అంత సిగ్గు ఎప్పుడూ వేయలేదు.

ఇక కొబ్బరి సంగతి. నేను కోనసీమవాణ్ణి కాబట్టి ఇది నాకు మింగుడుపడటానికి టైము పట్టింది. మా ఇంట్లో కొబ్బరిచెట్టుని పెద్దకొడుకు అనేవారు. చెట్టు కొట్టాలంటే మా తాతయ్య రెండురోజులు అన్నం సరిగా తినేవాడు కాదు. కజిన్‌లో మాత్రం పిట్టని బతికించింది కొబ్బరిచెట్లు కొట్టేయడం.

సెషెల్స్‌లో విమానాశ్రయం వచ్చింది 1971లో. అంతకుముందు చాలాకాలం ఆ దీవులకి బతుకుతెరువు ఎండుకొబ్బరి. చదునైన నేల ఎక్కడ కనబడితే అక్కడ అడవి నరికి కొబ్బరి వేశారు. కజిన్‌లోనూ అంతే. గోధుమరంగులో, మన పిచ్చుక కన్నా కాస్త చిన్నగా, 15 గ్రాముల బరువుండే సెషెల్స్ వార్బ్లర్ అనే పిట్ట ఆకుల అడుగున ఉండే పురుగుల్ని ఏరుకు తిని బతుకుతుంది. కొబ్బరి మట్ట కింద దానికి దొరికేదెంత? ఒకప్పుడు మరియాన్ లాంటి ఇతర దీవుల్లో కూడా ఉండేది. అడవి పోయి, ఎలుకలూ పిల్లులూ వచ్చాక అక్కడ తుడిచిపెట్టుకుపోయింది. కజిన్‌లో ఎలుకలు లేవు కాబట్టి మిగిలిన కాసిని పొదల్ని పట్టుకుని కొన్ని బతికాయి. 1968లో లెక్కపెడితే 26. కజిన్‌లో 26 కాదు, మొత్తం ప్రపంచంలో 26.

ఆ ఏడాదే అంతర్జాతీయ పక్షి సంరక్షణ మండలి ఆ దీవిని కొనేసింది. ఇప్పుడు దాన్నే బర్డ్‌లైఫ్ ఇంటర్నేషనల్ అంటున్నారు. ఒక పిట్ట కోసం దీవిని కొనడం అప్పటికి వింత. 1975లో సెషెల్స్ ప్రభుత్వం ప్రత్యేక రక్షిత ప్రాంతంగా ప్రకటించింది. 1998 నుంచి నేచర్ సెషెల్స్ అనే అక్కడి సంస్థ చూసుకుంటోంది. చాక్లెట్ల కాడ్‌బరీ కుటుంబానికి చెందిన క్రిస్టఫర్ కాడ్‌బరీ 1973లో అరీద్ అనే ఇంకో దీవిని కొన్నాడు. ఆ అరీద్ మళ్ళీ వస్తుంది, గుర్తుపెట్టుకోండి.

కొన్నాక వాళ్ళు చేసిన పని వింటే నిరుత్సాహపడతారు. పంజరాలు పెట్టలేదు, మేత వేయలేదు, గుడ్లు పొదిగించలేదు. కొబ్బరిని తగ్గించారు, రాలిన కాయలు మొలకెత్తితే పీకేశారు, ఏళ్ళ తరబడి అదే పని. మిగతాది మాపూ చెట్టు చూసుకుంది. పిసోనియా అనే ఆ చెట్టుని అక్కడివాళ్ళు బ్వా మాపూ అంటారు. లేతాకుపచ్చ వెడల్పాటి ఆకులు, మెత్తటి కలప, గాలికి కొమ్మలు ఇట్టే విరుగుతాయి. దాని గింజలు జిగురుగా ఉండి సముద్రపక్షుల ఈకలకి అంటుకుని ఊరేగుతాయి. నాడీ అనే నల్లటి సముద్రపక్షులు దీని మీదే, దీని ఆకులతోనే గూళ్ళు కట్టుకుంటాయి, వేలల్లో. వాటి రెట్ట చెట్టుకి ఎరువు, చెట్టు ఆకుకి పురుగు, పురుగు వార్బ్లర్‌కి తిండి. అంతా ఇంత చక్కగా సాగుతుందనుకుంటే పొరపాటు. నాలుగోసారి వెళ్ళినప్పుడు ఒక నాడీ రెక్కలకి గింజల గుత్తులు అతుక్కుపోయి దారి పక్కన పడి ఉండటం చూశాను. ఎగరలేదు, ఇక చచ్చిపోతుంది. నేను చేయి వేయబోతే గైడు వద్దన్నాడు. ఇక్కడ మేం ఆ చెట్టుకీ పిట్టకీ మధ్యకి వెళ్ళం అన్నాడు. నాకు నచ్చలేదు. ఇప్పటికీ నచ్చదు.

1982 నాటికి 26 కాస్తా 320 దాకా అయ్యాయి. అక్కడితో దీవి నిండిపోయింది. ప్రతి జంటకీ సొంత జాగా కావాలి, ఆ జాగా అయిపోయింది. ఇక్కడినుంచి ఈ పిట్ట కథ శాస్త్రవేత్తల చేతికి వెళ్ళింది. యాన్ కొమ్‌డర్ అనే డచ్చి శాస్త్రవేత్త 1985 నుంచి దీన్ని వెంటాడాడు. ఒక్కో పిట్ట కాలికి రంగురంగుల కడియాలు వేసి, ఏది ఎవరి పిల్లో, ఎవరి జాగాలో ఉందో రాసుకుంటూ పోయారు.

తేలిందేమిటంటే, ఈ పిట్టలు ఉమ్మడి కుటుంబం నడుపుతాయి. పెద్దదయిన పిల్ల, ఎక్కువగా కూతురు, వెంటనే వేరుకాపురం పెట్టకుండా అమ్మానాన్నల దగ్గరే ఉండి తర్వాతి పిల్లకి పురుగులు తెచ్చిపెడుతుంది. కొడుకులు జాగా వెతుక్కుంటూ వెళ్ళిపోతారు. ఇంతవరకూ మనకి తెలియనిదేం కాదు. అసలు వింత ఇప్పుడు. పురుగులు సమృద్ధిగా ఉన్న జాగాలో కూతురు తోడుంటే లాభం. తిండి తక్కువున్న చోట అదే కూతురు ఇంకో నోరు. తల్లి చాలావరకు ఒకే గుడ్డు పెడుతుంది, పక్షుల్లో పిల్ల ఆడో మగో తేలేది తల్లి వైపునుంచే. 1997లో వెలువడిన లెక్క ప్రకారం, పేద జాగాల్లో పుట్టినవాటిలో 77 శాతం కొడుకులు. గొప్ప జాగాల్లో కొడుకులు 13 శాతమే, మిగతా అంతా కూతుళ్ళు. పేద జాగాలో కొడుకుల్ని కన్న జంటల్ని తీసుకెళ్ళి ఇంకో దీవిలో పురుగులు పుష్కలంగా ఉన్నచోట వదిలితే, అవే జంటలు కూతుళ్ళని కనడం మొదలుపెట్టాయి. తోడుండే కూతుళ్ళు మరీ ఎక్కువైతే, మళ్ళీ కొడుకులు. ఇది చదివిన రోజు మా గోడౌన్లో ఇన్వాయిస్‌ వెనక లెక్క రాసి మా సూపర్‌వైజరుకి చూపించాను. మా అత్తగారికి చెప్పకు అన్నాడు.

దీవి నిండిపోయింది సరే, ఇప్పుడేం చేయాలి? ఈ పిట్ట రెక్కలున్న పిట్టే, అయినా దీవి దాటి పోదు. ఎదురుగా రెండు కిలోమీటర్ల దూరంలో కనబడే ప్రాలిన్‌కి కూడా ఎగిరి వెళ్ళదు. మొత్తం జాతి ఒకే దీవిలో ఉండటమంటే ఇంటిల్లిపాదీ ఒకే పడవెక్కడం. ఒక తుపాను, ఒక రోగం, ఒక ఎలుక చాలు. కాబట్టి 1988లో 29 పిట్టల్ని పట్టి అరీద్‌లో వదిలారు. 1990లో ఇంకో 29 కుజీన్‌కి. 2004లో 58 డెనిస్ దీవికి, 2011లో 59 ఫ్రెగేట్‌కి. కజిన్‌లో ఖాళీ అయిన జాగాల్ని వెనకున్న కుర్రపిట్టలు వెంటనే నింపేశాయి. అరీద్‌లో జాగా ఎక్కువ, ఇప్పుడు అన్నిటికన్నా అక్కడే ఎక్కువున్నాయి. మొత్తం 3,000 దాటాయి. 2015లో అంతరించే ప్రమాదమున్న జాతుల జాబితా నుంచి తీసి ప్రమాదం అంచున ఉన్నవాటిలోకి మార్చారు. అంటే పూర్తిగా గట్టెక్కిందని కాదు. ఇవన్నీ ఆ కాసిని పిట్టల సంతానమే, రక్తంలో వైవిధ్యం తక్కువ. ఆ పోయింది తిరిగి రాదు.

ఎలుక గురించి నేను ఎక్కువ చెబుతున్నానని అనుకుంటే ఫ్రెగేట్ సంగతి వినండి. సెషెల్స్ మాగ్‌పై రాబిన్ అని ఇంకో పిట్ట ఉంది, అక్కడివాళ్ళు పీ సాంతే అంటారు. మన పెరట్లో తెల్లవారుజామున ఈలవేసే మాగ్‌పై రాబిన్‌కి పెద్దమ్మ కూతురనుకోండి. ఒళ్ళంతా నిగనిగలాడే నలుపు, రెక్క మీద మాత్రం తెల్లటి పట్టీ. 1960లలో ఇది ఫ్రెగేట్ దీవి ఒక్కదానిలో 12 నుంచి 15 దాకా మిగిలింది. నేల మీద ఆకులు తిప్పి పురుగులు తినే పిట్ట, పిల్లికి ఇంతకంటే సులువైన వేట ఉండదు. పిల్లుల్ని 1982కల్లా తీసేశారు. పిట్టలు మెల్లగా కోలుకుంటున్నాయనగా 1995లో గోధుమరంగు ఎలుక దిగింది. ఎలుకమందు చల్లి దాన్ని వదిలించుకునేసరికి 2000 వచ్చింది. అదృష్టం ఏమిటంటే, ఎలుక దిగకముందే, 1994లో, కొన్ని పీ సాంతేలని కజిన్‌కి తెచ్చారు. ఇప్పుడవి ఐదు దీవుల్లో ఉన్నాయి. నేను సరుకు దించే పనివాణ్ణి కాబట్టి చెబుతున్నాను. ఒక పడవలో 200 పెట్టెలు దిగితే అన్నిటి కిందా టార్చి వేసి చూసే ఓపిక ఏ కాంట్రాక్టరుకీ ఉండదు. నాకూ ఉండేది కాదు, ఆ వేరుశెనగకాయల రోజు దాకా.

ఇప్పుడు మీ మూడో ప్రశ్న, కలివికోడి. జెర్డాన్ కనిపెట్టి, 1848లో బ్లైత్ అనే పక్షిశాస్త్రవేత్త వర్ణించి, 1900 తర్వాత ఎవరికీ కనబడక, పోయిందనుకున్న పిట్ట 1986లో కడప జిల్లా లంకమల అడవి అంచున మళ్ళీ దొరికింది. దీనికీ ఒక దీవి చూసి వదిలేయొచ్చు కదా అన్నారు. ఈ ఆలోచన చాలామందికి వస్తుంది, నాకూ వచ్చింది.

కుదరదు, కారణం డబ్బు కాదు. కజిన్‌లో శత్రువు బయటినుంచి వచ్చేది, దానికి ఒకటే దారి, ఆ దారిలో ఒక పడవ. కాపలా కాయడం తేలిక. లంకమలలో కలివికోడికి కావలసింది మరీ దట్టంగానూ కాకుండా, మరీ బోడిగానూ కాకుండా ఉండే ముళ్ళపొదల నేల. ఆ నేల చుట్టూ సముద్రం లేదు. పశువులు, కట్టెలు కొట్టుకునేవాళ్ళు, నిమ్మతోటలు, రాళ్ళ క్వారీలు, కాలువలు. తెలుగుగంగ కాలువ తవ్వకం ఒక దశలో దీని నేల మీదకే వచ్చి, దారి మార్చాల్సి వచ్చింది. ఇక్కడ తీసేయడానికి ఎలుక లాంటి ఒక్క దోషి లేడు. పైగా అది రాత్రిపూట తిరిగే పిట్ట, మనిషి అలికిడికి కదలకుండా నిలబడిపోతుంది, లెక్కపెట్టడమే కష్టం. ఎన్ని ఉన్నాయో తెలియని పిట్టల్లోంచి 29 పట్టి ఇంకోచోట వదులుదాం అనడానికి ఎవరికి ధైర్యం వస్తుంది? వార్బ్లర్‌ని తరలించడానికి ముందు ఇరవై ఏళ్ళు దాని సొంత ఇల్లు బాగుచేశారు. ఆ వరస మారిస్తే ఉన్నవీ పోతాయి. కజిన్ నుంచి కలివికోడికి పనికొచ్చేది దీవి కాదు, కొబ్బరి మొలకలు పీకినవాళ్ళ ఓపిక అని నా అభిప్రాయం. ఒకే మనుషులు, ఒకే చోట, ఏళ్ళ తరబడి.

మాటల మధ్య మీరు నేలపట్టు పక్షుల కేంద్రం కూడా ఎత్తారు. గూడబాతులకి ఈ లెక్క వర్తించదు, అవి ఎంత దూరమైనా ఎగిరి పోగలవు. కాకపోతే ఒకటి గమనించండి. నేలపట్టులో అవి గూళ్ళు కట్టేది చెరువు నీళ్ళలో నిలబడ్డ చెట్ల మీద. చెట్టు మొదట్లో నీళ్ళున్నంత కాలం పిల్లీ నక్కా రావు. గూడబాతు తన దీవి తనే వెతుక్కుంది.

ఇక ప్రయాణం సంగతులు. జులైలో ఆగ్నేయపు గాలి గట్టిగా ఉంటుంది, పడవ దిగేటప్పుడు నడుం దాకా తడుస్తారు. ఫోను నీళ్ళు చొరని సంచిలో పెట్టండి. అదే నెలలో నాడీలు గూళ్ళ మీద ఉంటాయి, కాబట్టి టోపీ తప్పనిసరి, ఎందుకో చెట్టుకింద నిలబడితే తెలుస్తుంది. దోమలు విపరీతం, పొడుగు చేతుల చొక్కా వేసుకోండి. కాలిబాట దాటి అడుగు పెట్టకండి, నేలలో ఫూకెలు అనే సముద్రపక్షుల బొరియలుంటాయి, కాలు వేస్తే పైకప్పు కూలిపోతుంది. పయాంకె అనే తోక పొడుగు తెల్లపిట్ట చెట్టు మొదట్లో, మీ కాలికి అడుగు దూరంలో పొదుగుతూ ఉంటుంది. లేవదు, అలా చూస్తూనే ఉంటుంది. హాక్స్‌బిల్ తాబేళ్ళు గుడ్లు పెట్టే కాలం జులై కాదు, అవి సంవత్సరం చివర్లో వస్తాయి. అదీ పట్టపగలే ఇసుక మీదకి ఎక్కుతాయి. 1970ల మొదట్లో కన్నా ఇప్పుడు ఎనిమిది రెట్లు పెరిగాయి. అల్దాబ్రా పెద్ద తాబేళ్ళు మాత్రం ఎప్పుడు వెళ్ళినా దారికి అడ్డంగా పడుకుని ఉంటాయి.

మీ అబ్బాయికి తెల్ల టెర్న్ గుడ్డు చూపించమని గైడుని అడగండి. ఆ పిట్ట గూడు కట్టదు. నున్నటి కొమ్మ మీద చిన్న గుంత చూసుకుని ఒకే గుడ్డు పెట్టేస్తుంది. పిల్ల పుట్టగానే పెద్ద పాదాలతో కొమ్మని పట్టుకుని గాలివానకి కూడా అలాగే వేలాడుతుంది. మనిషి కంటి ఎత్తులోనే ఉంటాయి చాలా. ఫ్లాష్ వాడకండి.

అలాగే ఒక పుస్తకం, పెన్సిలు ఇవ్వండి. వార్బ్లర్లు మనుషులకి భయపడవు, రెండు గజాల దూరంలో ఆకులు తిప్పుకుంటూ పోతాయి. ఎడమ కాలి కడియాల రంగులు పైనుంచి కిందకి, తర్వాత కుడి కాలివి, ఆ వరసలో రాసుకోమనండి. ఆరోసారి వెళ్ళినప్పుడు నేను రాసుకున్నది అక్కడ పరిశోధన చేస్తున్న అమ్మాయికి చూపిస్తే, తన నోటు తిరగేసి, ఆ పిట్ట వయసు తొమ్మిదేళ్ళనీ, ఇప్పుడున్నది అది పుట్టిన జాగాకి మూడు చెట్ల అవతలేననీ చెప్పింది.